బొమ్మ ఒక దారి, కథ ఒక దారి
(దక్కన్‌ను గీసినవారు: అయిదో భాగం)

సిరిసిల్లలోనో కోరుట్లలోనో పద్మశాలీల వాడకు కూనపులివారు వస్తే ముందు పటం కట్టేవారు, ఆ తర్వాతే కథ ఎత్తుకునేవారు. మూడడుగుల వెడల్పు ఉండే ఆ గుడ్డ ఒక్కోసారి నలభై అడుగులు దాటి సాగేది. చింతగింజల అంబలిలో సుద్దమట్టి, జిగురు కలిపి పూసి, ఆరబెట్టి, ఎర్రటి రంగు పరిచి నకాషీవారు దాని మీద బొమ్మలు దింపేవారు. మార్కండేయుడు, భావనా ఋషి, మగ్గం పుట్టుక వరసగా వచ్చేవి. కథకుడు ఒక్కో గడి విప్పుతూ, చేతిలో పుల్లతో బొమ్మను చూపిస్తూ, పాటా మాటా కలిపి రాత్రంతా నడిపించేవాడు. ఆ పటం ముందు కూర్చున్న నేతగానికి చూడటం, వినడం రెండు వేర్వేరు పనులు కావు. బొమ్మ లేకపోతే కథ కుంటుతుంది, కథ లేకపోతే బొమ్మ మూగబోతుంది.

పందొమ్మిదో శతాబ్దంలో దక్కన్‌కు వచ్చిన ఆంగ్లేయులు కూడా బొమ్మలు గీశారు, కథలు పోగుచేశారు. కానీ వారి చేతుల్లో ఈ రెండూ విడిపోయాయి. బొమ్మ లండన్‌లోని అచ్చుయంత్రానికి వెళ్లింది, కథ నవలకు వెళ్లింది. ఆ విడిపోవడాన్ని ఒకే మనిషి బతుకులో చూడాలంటే ఫిలిప్ మెడోస్ టేలర్‌ను చూడాలి. ఆ రెండూ మళ్లీ ఒక్కచోట కలిసిన అరుదైన సందర్భం కూడా ఆయన బతుకులోనే ఉంది. ఈ వారం చెప్పుకోవలసింది ముఖ్యంగా దాని గురించే.

కిందటి భాగంలో చెప్పుకున్న సర్వే అధికారి కాలిన్ మెకంజీ 1821లో కన్నుమూశాడు. కావలి సోదరుల వంటి తెలుగువారి సాయంతో ఆయన పోగుచేసిన కైఫీయత్తులు, అంటే ఊళ్ల చరిత్రలు, అప్పటికి కలకత్తాలో పెట్టెల్లో ఉన్నాయి. మూడేళ్లకు, 1824 సెప్టెంబరులో, పదహారేళ్లు కూడా నిండని ఒక లివర్‌పూల్ కుర్రాడు బొంబాయి రేవులో దిగాడు. 1808 సెప్టెంబరు 25న పుట్టిన టేలర్‌ది వ్యాపారంలో దెబ్బతిన్న ఇల్లు. బొంబాయిలో బాక్స్టర్ అనే వర్తకుడు ఉద్యోగమిచ్చి, కొన్నేళ్లకు వాటా కూడా ఇస్తానంటే తండ్రి నమ్మి పంపించాడు. తీరా వచ్చి చూస్తే ఆ దుకాణం అప్పుల్లో మునిగి ఉంది. బొంబాయి ప్రభుత్వంలో పెద్ద హోదాలో ఉన్న న్యూనమ్ అనే బంధువు పూనుకుని, నిజాం సైన్యంలో ఒక చిన్న అధికారి కొలువు ఇప్పించాడు. అదే ఏడాది నవంబరుకల్లా టేలర్ ఔరంగాబాదు దారి పట్టాడు.

ఈ కొలువు ఎలాంటిదో కాస్త వివరంగా తెలుసుకోవాలి. టేలర్ బతుకంతా దాని చుట్టూనే తిరిగింది. నిజాం ఖజానా జీతమిచ్చేది, ఆంగ్లేయ రెసిడెంటు ఆజ్ఞలిచ్చేవాడు. కంపెనీ సొంత సివిల్ ఉద్యోగులకుండే హోదా, పెన్షను, పైమెట్లు ఇందులో ఉండవు. కంపెనీ అధికారి మూడేళ్లకోసారి జిల్లా మారితే, నిజాం కొలువులోని తెల్లదొర దక్కన్‌లోనే తిరుగుతూ ముసలివాడయ్యేవాడు. టేలర్ ఉర్దూ, ఫార్సీ, మరాఠీ నేర్చుకున్నాడు. అప్పటి జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల కూడా అదే నిజాం రాజ్యంలో ఎలగందల వైపు ఊళ్లు. పాలన పేరుకు ఒకరిది, పట్టు మరొకరిది. పేష్కారులు, తాలూకాదారులు, అరబ్బు, రోహిల్లా జమేదార్ల నడుమ రైతు నలిగిపోతున్న రోజులవి. టేలర్ ఆ రాజ్యాన్ని సదాశివపేట నుంచి తుల్జాపూర్ వైపు సాగే దారుల మీద, ఒక పోలీసు అధికారిగా, గుర్రం మీద తిరుగుతూ తెలుసుకున్నాడు.

ఆ రోజుల సంగతి ఒకటి ఆయన ఆత్మకథలో ఉంది. యాత్రికులు కొన్న పిండిలో ఇసుక కలుస్తోందని ఆయనకు ఫిర్యాదు వచ్చింది. దుకాణదారులను పిలిపించి, వాళ్ల పిండినే వాళ్లచేత తినిపించబోయాడు. జరిమానా కంటే ఆ కబురే దారి పొడవునా ఎక్కువ పనిచేసిందంటాడు. ఇలాంటి పనులు జనం నోట కథలవుతాయి. ఆయన విషయంలోనూ అయ్యాయి. కథలు పోగుచేసే మనిషి మీదే కథలు పుట్టడం మొదలైంది.

ఇక బొమ్మల సంగతి. ఇంగ్లండులో సైనిక విద్యాలయాలు బొమ్మ గీయడాన్ని ఒక పాఠంగా నేర్పేవి. ఊలిచ్‌లో పాల్ శాండ్‌బీ వంటి పేరున్న చిత్రకారుడే సైనికులకు గురువు. కోట గోడ ఏ కోణంలో తిరిగిందో, కొండ ఎక్కడ వాలిందో కంటితో చూసి కాగితం మీద దించగలిగినవాడే మంచి అధికారి. 1747లో కట్టిన మన జగిత్యాల కోట నక్షత్రంలా పొడుచుకొచ్చిన బురుజులతో ఉంటుంది. అలాంటి కోటను ఆ కాలపు సైనికుడు అందం కోసం చూడడు, కొలత కోసం చూస్తాడు. టేలర్‌కు ఆ చదువు లేదు. బొమ్మ గీయడం, సర్వే చేయడం, లెక్క కట్టడం అన్నీ దక్కన్‌లో ఒంటరిగా నేర్చుకున్నాడు. అందువల్లే కావచ్చు, ఆయన గీతలో కొలత చూసే కన్నుతో పాటు, చూసినదాన్ని ప్రేమించే కన్ను కూడా ఉంది.

ఆయన గీసిన దృశ్యాలు 1837లో లండన్‌లో ‘స్కెచెస్ ఇన్ ది డెక్కన్’ పేరుతో శిలాముద్రణ సంపుటిగా వచ్చాయి. శిలాముద్రణలో నున్నని సున్నపురాయి పలక మీద కొవ్వు కలిసిన సుద్దతో బొమ్మ గీస్తారు. తర్వాత పలకను తడిపి సిరా పూస్తే, సిరా కొవ్వుగీతలకు మాత్రమే అంటుకుంటుంది. దాని మీద కాగితం ఒత్తి బొమ్మను దించుతారు. పలక మీద గీసిన చేయి టేలర్‌ది కాదు, లండన్ పనివారిది. దక్కన్ ఎండనూ మన పరుపుబండలనూ ఎన్నడూ చూడనివాళ్లు ఆయన పెన్సిలు గీతలను తిరగరాశారు. ఆ బొమ్మల్లో గోపురాలు, గుమ్మటాలు, కొండలు ఉన్నాయి. ఆ కొండ గురించి ఊరివాళ్లు ఏం చెప్పుకుంటారో మాత్రం లేదు. నకాషీ పటానికి, ఈ పుస్తకానికి తేడా ఇక్కడే కనిపిస్తుంది.

కథలు వేరే దారిలో వెళ్లాయి. 1830ల మొదట్లో, బాటసారులను చంపి దోచే ఠగ్గుల విచారణలు జోరుగా సాగుతున్నప్పుడు, ప్రాణభిక్ష కోసం అప్రూవర్లుగా మారినవాళ్ల వాంగ్మూలాలను టేలర్ హైదరాబాదులో నమోదు చేశాడు. కొన్నేళ్ల కిందట ఆయన జిల్లాలోనే దారి పక్కన శవాలు బయటపడ్డాయి. ఆ ముడి విప్పేలోపే బదిలీ అయి, ఆ కీర్తి కంపెనీ అధికారి స్లీమన్‌కు దక్కిందన్న బాధ ఆయనను చివరిదాకా వదల్లేదు. శకునాలు, నక్క కూతలు, పలుగుకు చేసే పూజ, పంచుకు తినే బెల్లం వంటివన్నీ ఆ వాంగ్మూలాల్లో ఉన్నాయి. సెలవు మీద ఇంగ్లండు వెళ్లినప్పుడు వాటిని ‘కన్ఫెషన్స్ ఆఫ్ ఎ ఠగ్’ నవలగా మలిచాడు. 1839లో మూడు సంపుటాలుగా అచ్చయింది. కథానాయకుడు అమీర్ అలీ తన చేతుల మీదుగా 719 హత్యలు జరిగాయని ఒప్పుకుంటాడు. పుస్తకం పూర్తిగా బయటికి రాకముందే విక్టోరియా రాణి ప్రూఫు కాగితాలు తెప్పించుకుని చదివింది.

నవల గొప్పగా నడుస్తుంది, అందులో సందేహం లేదు. అయితే దానిని జానపద విజ్ఞానంగా చదివేవారు ఒకటి గుర్తుంచుకోవాలి. ఆ కథలు చెప్పినవాళ్ల మెడల మీద ఉరితాడు వేలాడుతోంది. అధికారికి ఏది కావాలో కనిపెట్టి చెప్పక తప్పని స్థితి వాళ్లది. అందుకే ఇటీవలి చరిత్రకారులు ఠగ్గుల ‘మతం’ గురించిన ఆ వివరాల్లో ఎంత నిజం, ఎంత కంపెనీ ఊహ అని గట్టిగా నిలదీస్తున్నారు. ఆ నిలదీత న్యాయమైనదే. కూనపులి కథకుడిని వాడవాళ్లు పిలిచి, సంభావన ఇచ్చి, కూర్చుని వింటారు. అప్రూవరును సంకెళ్లతో తీసుకొచ్చి కూర్చోబెడతారు. ఈ రెండు కథలనూ ఒకే తూకంతో తూయలేం.

1832లో టేలర్ మేరీ పామర్‌ను పెళ్లాడాడు. ఆమె తండ్రి విలియం పామర్ హైదరాబాదులో పెద్ద షావుకారు. నిజాం సర్కారుకే అప్పులిచ్చి, చివరికి దివాలా తీసిన పామర్ కంపెనీ ఆయనదే. పామర్ తండ్రి కంపెనీ జనరల్, తల్లి ఫైజ్ బక్ష్ బేగం. ఈ సంబంధంతో టేలర్ దక్కన్‌లో ఒక ఇంటి మనిషయ్యాడు. మేరీ 1844లో చనిపోయింది. ఆయన మళ్లీ పెళ్లి చేసుకోలేదు.

1841లో రెసిడెంటు ఫ్రేజర్ ఆయనను షోరాపూర్‌కు పంపాడు. ఇప్పుడు దాన్ని సురపుర అంటున్నారు, కర్ణాటకలోని యాద్గిర్ జిల్లాలో ఉంది. బేడర్ నాయకుల చిన్న సంస్థానం అది. మన వైపు బోయలనేది వాళ్లనే. రాజు కృష్ణప్ప నాయకుడు చనిపోయాడు, కొడుకు వెంకటప్ప నాయకుడు పసివాడు, రాణి ఈశ్వరమ్మకూ దర్బారుకూ పొసగదు, నిజాంకు కట్టాల్సిన పేష్కష్ బకాయి. పన్నెండేళ్లపాటు ఈ చిక్కుముళ్లన్నీ టేలర్ నెత్తిన పడ్డాయి. భూములు కొలిచాడు, దారులు వేయించాడు, బోనాళ చెరువును బాగుచేయించాడు. పిల్లవాడు ఆయనను ‘అప్పా’ అని పిలిచేవాడు. ఈ ఏళ్లలోనే లండన్ ‘టైమ్స్’ పత్రికకు దక్కన్ నుంచి లేఖలు రాసేవాడు. తన బంధువు హెన్రీ రీవ్ ద్వారా కుదిరిన పని అది.

బొమ్మ, కథ తిరిగి కలిసింది ఈ షోరాపూర్‌లోనే.

ఆ నేల మీద గుట్టల వాలుల్లో, చేల గట్ల పక్కన పెద్ద పెద్ద బండల గూళ్లున్నాయి. నాలుగు వైపులా నిలువు పలకలు, పైన ఒక కప్పు పలక, ముందు పలకకు గుండ్రని కంత. కొన్నిచోట్ల రాళ్లను వలయంగా పేర్చి మధ్యలో గుట్టగా పోశారు. తెలంగాణ పల్లెల్లో వీటిని రాక్షసగుళ్లు, రాకాసి గూళ్లు అంటారు. పెద్దపల్లి వైపు కదంబాపూర్‌లో తవ్వినవీ ఈ జాతి సమాధులే. షోరాపూర్ జనం మాత్రం వీటిని మోరియర ఇళ్లనేవారు. మనకంటే ముందు ఈ నేల మీద పొట్టివాళ్లుండేవారట, మరుగుజ్జులైనా కొండబలం ఉన్నవాళ్లట, ఈ బండలను వాళ్లే ఎత్తి ఇళ్లు కట్టుకున్నారట. టేలర్ ఆ కథను విన్నాడు, రాసుకున్నాడు. వేల్స్‌లో, ఐర్లండులో, బ్రిటనీలో ఇలాంటి రాతిగూళ్లున్నాయని ఆయనకు తెలుసు. రాజన్‌కోళూరులో, జేవర్గిలో, ఇంకా చాలాచోట్ల వాటిని కొలిచాడు, గీశాడు, కొన్నింటిని తవ్వించాడు. విభూతిహళ్లి దగ్గర వరసలు తీరి నిలిచిన బండలను కూడా కాగితం మీదికి ఎక్కించాడు.

అప్పట్లో తవ్వకమంటే కుండలు, కత్తులు దొరికేదాకా గొయ్యి తీయడమే. దొరికినవి అద్దాల బీరువాలోకి చేరేవి, గొయ్యి పూడిపోయేది. టేలర్ తీరు వేరు. గోతిని అడ్డంగా కోసినట్టు ఒక పటం గీశాడు. పైన రాళ్లు, కింద మట్టి, ఆ కింద ఇంకో రంగు మట్టి, ఎముకలు ఏ పొరలో ఉన్నాయి, కుండ ఏ పొరలో ఉంది, పలక ఏ లోతులో వాలింది, ఇదంతా ఉన్నదున్నట్టు చూపించాడు. కొన్నిచోట్ల తలలు మొండేల నుంచి వేరై కనిపించాయి. వాటినీ అదే స్థానంలో గీశాడు. ఈ సంగతులు 1850లలో బొంబాయి ఏషియాటిక్ సొసైటీ పత్రికలోనూ, 1862లో రాయల్ ఐరిష్ అకాడమీ ప్రచురణలోనూ వచ్చాయి. వంద సంవత్సరాల తర్వాత, తవ్వకంలో మట్టిపొరలే ప్రాణమని ప్రపంచానికి నేర్పిన మార్టిమర్ వీలర్ 1954 నాటి తన పుస్తకంలో టేలర్ కోతపటాలను ప్రత్యేకంగా మెచ్చుకున్నాడు. గురువు లేకుండా, ఎలగందల లాంటి మరో మారుమూలలో, ఒక సైనికుడు ఇంతపని చేయడం తేలిక కాదు.

ఆయన చెప్పిన సిద్ధాంతం మాత్రం నిలవలేదు. ఐరోపా రాతిగూళ్లకూ వీటికీ పోలిక చూసి, సిథియన్లు, డ్రూయిడ్లు అంటూ ఒకే జాతి కథ అల్లాడు. తెగిన తలలను చూసి నరబలి అనుకున్నాడు. ఈ సమాధులు దక్కన్ ఇనుపయుగం నాటివని, ఇక్కడి మనుషులవేనని తర్వాతి పరిశోధన తేల్చింది. సిద్ధాంతం కూలినా బొమ్మ చెక్కుచెదరలేదు. దాని పక్కనే రాసిపెట్టిన మరుగుజ్జుల కథ కూడా నిలిచింది. ఊరివాళ్లు తమ పొలంలోని రాళ్లను ఎలా అర్థం చేసుకున్నారో చెప్పే సాక్ష్యం అది. ఇక్కడ టేలర్ అచ్చం పటం కట్టినవాడిలా పనిచేశాడు. ఇంతకంటే మంచి పని ఆయన మరెప్పుడూ చేయలేదని ఈ రచయిత నమ్మకం. పేరు తెచ్చిన నవలను కూడా దీని తర్వాతే లెక్కించాలి.

షోరాపూర్ కథ సుఖాంతం కాదు. 1853లో వెంకటప్ప వయసొచ్చి గద్దె ఎక్కాడు, టేలర్ నల్దుర్గ్‌కు వెళ్లిపోయాడు. 1857 అలజడి నాటికి ఆయన బీరారులో ఉన్నాడు. 1858 ఫిబ్రవరిలో షోరాపూర్ తిరగబడింది. రాజు హైదరాబాదుకు పారిపోయి, అక్కడ పట్టుబడ్డాడు. టేలర్ చెరసాలకు వెళ్లి తాను పెంచిన కుర్రాడిని కలిశాడు. మరణశిక్ష తగ్గి, చెంగల్పట్టు కోటలో నాలుగేళ్ల ఖైదు అయింది. మే నెలలో అక్కడికి తరలిస్తుండగా, హైదరాబాదు దాటిన మజిలీలోనే, కాపలా అధికారి పిస్తోలు గుండుకు ఆ ఇరవై నాలుగేళ్ల యువకుడు బలయ్యాడు. తనే పేల్చుకున్నాడా, పొరపాటున పేలిందా అన్న మాట అప్పుడే వచ్చింది.

దీని వెనుక టేలర్ రాసిన ఒక సంగతి ఉంది. ఏళ్ల కిందట రాణి ఈశ్వరమ్మ తనను రహస్యంగా పిలిపించి, కొడుకు జాతకం చూపించిందట. ఇరవై నాలుగో ఏడు దాటడని ఆస్థాన శాస్త్రి రాశాడు. మరణశిక్ష రద్దయినప్పుడు జాతకం తప్పిందని టేలర్ అనుకున్నాడు, కొన్నాళ్లకే కబురు వచ్చింది. ఈ కథను ఆయన నమ్మాడా లేదా అనేకంటే, ఎలా రాశాడన్నది గమనించాలి. ఎగతాళి చేయలేదు, మసాలా పూయలేదు. పొర తర్వాత పొరగా, ఎవరు ఎప్పుడు ఏమన్నారో పెట్టాడు. గోతిని గీసిన చేయే ఇక్కడా కనిపిస్తుంది. అయితే ఆ పసివాడి రాజ్యం మీద కంపెనీ పట్టు బిగించిన చేతుల్లో తన చేయి కూడా ఉందన్న సంగతిని ఆయన అంత సూటిగా తవ్వలేదు. సురపుర జనం ఈనాటికీ వెంకటప్ప నాయకుణ్ని ఆంగ్లేయులపై పోరాడిన వీరుడిగా తలుచుకుంటారు. ఆ జ్ఞాపకాన్ని పక్కన పెట్టి టేలర్‌ను మాత్రమే చదివితే సగం కథే తెలుస్తుంది.

ఆరోగ్యం దెబ్బతిని 1860లో దక్కన్ విడిచాడు. తర్వాత ఐర్లండులో ఉంటూ తన దగ్గరున్న కథలన్నీ నవలల్లో పోశాడు. 1863లో ‘తారా’, 1865లో ‘రాల్ఫ్ డార్నెల్’, 1872లో ‘సీతా’ వచ్చాయి. ఈ మూడూ వరసగా 1657, 1757, 1857 నాటి కథలు. ‘తారా’లో తుల్జాపూర్ భవాని గుడి, అక్కడి మెట్లు, యాత్రికుల రద్దీ ఉన్నాయి. పిండిలో ఇసుక కలిసిన కాలంలో తాను తిరిగిన నేల అది. 1866లో బీజాపూర్ కట్టడాల మీద, ధార్వాడ, మైసూరు కట్టడాల మీద పెద్ద ఫోటో సంపుటాలు వచ్చినప్పుడు చరిత్ర భాగం టేలర్ రాశాడు, వాస్తుశిల్పం మీద జేమ్స్ ఫెర్గుసన్ రాశాడు. అప్పటికి పెన్సిలు పనిని కెమెరా అందుకుంది. దృశ్యం గీసే సైనికుల కాలం ముగింపుకు వచ్చింది.

1875లో నిజాం దివాను సాలార్ జంగ్ పిలిస్తే, చూపు మందగించిన ముసలితనంలో మరోసారి హైదరాబాదు వచ్చాడు. జ్వరంతో మంచం పట్టాడు. తిరుగు ప్రయాణంలో 1876 మే 13న ఫ్రాన్సు తీరాన మెంతోన్‌లో చనిపోయాడు. మరుసటి ఏడు కూతురు ఆలిస్ ఆయన ఆత్మకథను అచ్చు వేయించింది, దానికి ముందుమాట హెన్రీ రీవ్‌ది. చాంద్ బీబీ మీద రాసిన ‘ఎ నోబుల్ క్వీన్’ 1878లో వెలువడింది. జానపద కథల సేకరణకు ప్రత్యేకంగా ఒక సంఘం లండన్‌లో ఏర్పడిందీ అదే ఏడాది. తెలుగు నేల మీద ఆ పనికి విశ్వవిద్యాలయం గుర్తింపు రావడానికి 1956 దాకా ఆగాల్సి వచ్చింది. వరంగల్లు జిల్లా దేవనూరులో పుట్టిన బిరుదురాజు రామరాజు తెలుగు జానపద గేయాలపై ఉస్మానియాలో డాక్టరేటు అందుకున్నది అప్పుడే. పాట కట్టినవాళ్ల నోటి నుంచే విని, వాళ్ల మాటలోనే రాసుకున్న పని అది.

టేలర్ పుస్తకాల్లో కథలు చెప్పినవాళ్ల పేర్లు చాలావరకు కనిపించవు. ఆయన బతికుండగానే, 1868లో, దక్కన్ కథల పుస్తకం మరొకటి వచ్చింది. బొంబాయి గవర్నరు కూతురు మేరీ ఫ్రియర్ దాన్ని ప్రచురించింది. కథలు చెప్పిన ఆయా అన్నా లిబెరాటా డిసౌజా, తన బతుకును తన మాటల్లో చెప్పుకున్న భాగం కూడా ఆ పుస్తకంలోనే ఉంది. వచ్చే భాగం ఆమె గురించి.